అధిష్ఠానం: దేహము, మనస్సు, పరిసరము
(ఆలయ జీర్ణోద్ధరణ, పునఃప్రతిష్ఠా మహోత్సవ సందర్భంగా చేసిన ప్రసంగ పాఠం)



జీర్ణోద్ధరణ అనే మాటను ఈ కొద్ది నెలలలో మనం ఎన్నో పర్యాయాలు విన్నాము. పనులు ప్రారంభించడానికి ముందు అర్చకస్వాములు మూలమూర్తిలోని దివ్యకళను కలశంలోనికి ఆవాహన చేసి, బాలాలయంలో నిలిపి, నిత్యారాధనకు లోపం రాకుండా చూస్తారు. పునాది, గోడలు, విమానం బాగుపడిన పిమ్మట మూర్తిని అష్టబంధనంతో పీఠంపై సుస్థిరం చేసి, ఆ కళను తిరిగి మూర్తిలో ప్రతిష్ఠిస్తారు. ఇక్కడ ఒక సందేహం సహజంగా కలుగుతుంది. సర్వాంతర్యామి అయిన భగవంతునికి గోడ బీటవారితే ఏమి లోటు? కప్పు కారితే ఏమి కొరత? లోటు ఆయనకు కాదు, మనకు. చైతన్యం ఎంత మహత్తరమైనదైనా మన అనుభవానికి అందాలంటే దానికొక ఆధారం కావాలి. ఆ ఆధారం దృఢంగాను, శుచిగాను ఉండాలి.

మనిషి విషయంలోనూ సత్యం ఇదే. ఒక మనిషి ఒక గొప్ప ఆలోచన చేసినప్పుడు, ఒక ఘనకార్యం సాధించినప్పుడు దానికి కారణం ఏమిటి? కొందరు సంకల్పబలం అంటారు. మరికొందరు నుదుటివ్రాత అంటారు. ఇంకొందరు పుట్టి పెరిగిన చోటు అంటారు. ఎవరికి వారు తమ మాటనే సమర్థించుకుంటారు. మన పెద్దలు మాత్రం ఈ ప్రశ్నకు ఒక్క కారణంతో సమాధానం చెప్పలేదు.

శ్రీమద్భగవద్గీత పదునెనిమిదవ అధ్యాయంలో ఏ కార్యం సిద్ధించడానికైనా అయిదు హేతువులు ఉన్నవని భగవానుడు ఉపదేశించాడు. మొదటిది అధిష్ఠానం. రెండవది కర్త. మూడవది వివిధములైన కరణాలు, అంటే పనికి సాధనాలైన ఇంద్రియాలు, మనస్సు, బుద్ధి. నాలుగవది వేరు వేరు చేష్టలు. అయిదవది దైవం. అధిష్ఠానం అంటే దేహమని భాష్యకారులైన శంకర భగవత్పాదులు వివరించారు. దైవాన్ని అయిదవదిగా చెప్పారే గాని, మిగిలిన నాలుగింటినీ తుడిచివేసి దైవం ఒక్కటే చాలునని చెప్పలేదు. అట్లని దైవాన్ని విడిచిపెట్టనూ లేదు.

ఇందులో ఒక చక్కని విశేషం ఉన్నది. శిల్పశాస్త్రంలో విమానానికి ఆరు అంగాలు చెబుతారు. అధిష్ఠానం, పాదం, ప్రస్తరం, గ్రీవం, శిఖరం, స్తూపి. పాదం, గ్రీవం, శిఖరం అనే మాటలు మన శరీరాన్నే తలపిస్తున్నవి. అన్నింటికీ అడుగున ఉండి, బరువునంతా మోసే రాతి వరుసలకు పెట్టిన పేరు అధిష్ఠానం. గీతలో దేహాన్ని చెప్పిన మాటా అదే. స్తూపిపై మెరిసే స్వర్ణకలశాన్ని దూరం నుంచే చూచి చేతులు జోడిస్తాము. అధిష్ఠానం వైపు మన చూపు పోదు. అది కుంగిననాడు మాత్రం కలశం వంగుతుంది.

దేహానికీ మనస్సుకూ ఉన్న సంబంధాన్ని ఛాందోగ్యోపనిషత్తు ఒక కథగా చెప్పింది. ఉద్దాలక మహర్షి కుమారుడు శ్వేతకేతువు. పన్నెండేళ్ల ప్రాయంలో గురుకులానికి వెళ్లి, వేదాలన్నీ అభ్యసించి, ఇరువది నాలుగేళ్ల వయస్సులో తిరిగి వచ్చాడు. చదువుతోపాటు కొంత గర్వం కూడా వచ్చింది. తండ్రి అతనికి ఎన్నో విషయాలు బోధిస్తూ, మనస్సు అన్నమయమని చెప్పాడు. కుమారునికి నమ్మకం కలుగలేదు. అప్పుడు తండ్రి వాదం పెంచలేదు. “పదిహేను రోజులు అన్నం ముట్టకు. నీరు మాత్రం కావలసినంత త్రాగు” అని చెప్పాడు. పదహారవనాడు కుమారుని పిలిచి ఋక్కులు, యజుస్సులు, సామములు చెప్పమన్నాడు. పన్నెండేళ్లు వల్లించిన వేదం శ్వేతకేతువుకు ఒక్కటీ తోచలేదు. తండ్రి కోపించలేదు. పెద్ద మంటలో మిణుగురంత నిప్పుకణిక మిగిలితే అది దేనిని కాల్చగలదని అడిగాడు. భుజించి రమ్మన్నాడు. భుజించి వచ్చిన కుమారుడు అడిగినదానికల్లా సమాధానం చెప్పాడు. నిప్పుకణికకు గడ్డిపరకలు అందించగానే మళ్లీ మంట లేచినట్లయింది.

ఈ కథలో రెండు విషయాలు గమనింపదగినవి. విద్య పోలేదు, దానిని పైకి తీసే శక్తి సన్నగిల్లింది. రెండవది, ఆ తండ్రి తన కుమారుని మందమతి అనలేదు. ఆకలితో ఉన్నవాని బుద్ధిని పరీక్షించి తీర్పు చెప్పరాదని ఆ మహర్షికి తెలుసు. మనకు తెలుసునా? ఉదయం ఏమీ తినకుండా బడికి వచ్చి, మూడవ పీరియడుకే కునికిపాట్లు పడే పిల్లవానిని మనం ఏమని పిలుస్తున్నాము? “వీడికి చదువు అబ్బదు” అని ఎంత సులువుగా తీర్పు చెబుతున్నాము?

నేటి శరీరశాస్త్రం కూడా ఈ మాటను బలపరుస్తున్నది. మనిషి బరువులో మెదడు వంతు ఇంచుమించు 2 శాతం. విశ్రాంతిగా ఉన్నప్పుడు శరీరం వినియోగించే శక్తిలో దాని వంతు సుమారు 20 శాతం. అంటే కూర్చుని ఆలోచించేవానికి కూడా అన్నం కావాలి. ఇక అయోడిన్ సంగతి చూడండి. ఆహారంలో రవ్వంత ఉండవలసిన ఆ పదార్థం గర్భవతికి లోపిస్తే పుట్టబోయే బిడ్డ బుద్ధి వికాసమే దెబ్బతింటుంది. ఆ లోపాన్ని ఎదుర్కొనడానికి మన దేశంలో 1962లో జాతీయ గాయిటర్ నియంత్రణ కార్యక్రమం మొదలైంది. చిటికెడు ఉప్పులో కలిసి వచ్చే ఆ స్వల్పాంశం ఒక మనిషి జీవితకాలపు ఆలోచనాశక్తిని కాపాడుతున్నది.

దేహం సంగతి ఇది. పరిసరం సంగతి చూద్దాము. అమెరికాలోని న్యూయార్క్ నగరంలో ఒక పాఠశాల భవనానికి ఒక ప్రక్కన ఎత్తైన వంతెనపై రైళ్లు పోయేవి. ఆ ప్రక్క గదులలో చదివే పిల్లలు, భవనానికి అవతలి ప్రక్క నిశ్శబ్దమైన గదులలో చదివే పిల్లలకంటె పఠనంలో వెనుకబడి ఉన్నారని 1975లో ప్రచురితమైన పరిశోధన తేల్చింది. తరువాత పట్టాల క్రింద రబ్బరు దిండ్లు అమర్చారు. గదుల కప్పులకు చప్పుడును పీల్చే పలకలు వేశారు. మళ్లీ పరిశీలించినప్పుడు ఆ వ్యత్యాసం కనబడలేదు. బడి అదే, పాఠాలు అవే. మారినది చప్పుడు మాత్రమే.

ఇప్పుడు దేహం, మనస్సు, పరిసరం మూడూ పెనవేసుకున్న రెండు జీవితాలను మీ ముందుంచుతాను.

మొదటివారు గణితశాస్త్రవేత్త శ్రీనివాస రామానుజన్. 1887లో ఈరోడ్‌లో జన్మించి కుంభకోణంలో పెరిగారు. వారి ఇల్లు ఉన్నది సారంగపాణి సన్నిధి వీధిలో. ఇంట్లో నామక్కల్ నామగిరి అమ్మవారి భక్తి. కాగితం కొనే స్తోమత లేక పలకపై లెక్కలు చేసి, మోచేతితో తుడిచి, ఫలితాలను మాత్రం నోటు పుస్తకంలో ఎక్కించేవారు. పాఠశాలలో ఉండగా కార్ అనే రచయిత కూర్చిన గణిత సూత్రాల సంకలనం ఆయన చేతికి వచ్చింది. ఆ ఒక్క పుస్తకం ఆయన మనస్సును మేల్కొలిపింది. అదే ఏకాగ్రత మిగిలిన పాఠ్యాంశాలను మరపించింది. కళాశాలలో ఉపకారవేతనం పోయింది, పరీక్షలు తప్పారు. ఆ దశలో ఆయనను ఆదుకున్నవారిలో ఒకరు నెల్లూరు కలెక్టరుగా ఉన్న దివాన్ బహదూర్ ఆర్. రామచంద్రరావు గారు. 1910 చివరలో రామానుజన్‌ను కలిసి, కొంతకాలం నెలకు 25 రూపాయల చొప్పున సహాయం చేశారు. 1912లో మద్రాసు పోర్టు ట్రస్టులో నెలకు 30 రూపాయల గుమాస్తా ఉద్యోగం దొరికింది. 1913 జనవరిలో కేంబ్రిడ్జిలోని హార్డీ పండితునికి వ్రాసిన లేఖ చరిత్రకెక్కింది.

1914లో ఆయన ఇంగ్లండు చేరారు. అక్కడ మనస్సుకు తగిన పరిసరం లభించింది. దేహానికి తగిన పరిసరం లభించలేదు. అదే సంవత్సరం మొదటి ప్రపంచయుద్ధం ప్రారంభమైంది. నిష్ఠగల శాకాహారి, స్వయంపాకం, చలి, ఆహార పదార్థాల కొరత, ఒంటరితనం. 1917లో తీవ్రంగా జబ్బుపడి ఆసుపత్రుల పాలయ్యారు. 1918లో రాయల్ సొసైటీ సభ్యత్వమనే మహాగౌరవం పొందేనాటికి శరీరం శిథిలమైపోయింది. 1919లో స్వదేశానికి తిరిగివచ్చి, 1920 ఏప్రిల్ 26న, 32 ఏళ్లకే పరమపదించారు. ఆ చివరి సంవత్సరంలో పడకపై ఉండి చేసిన గణితమే ‘మాక్ తీటా ఫలాలు’. ఆ కాగితాలు 1976లో కేంబ్రిడ్జి ట్రినిటీ కళాశాల గ్రంథాలయంలో దొరికి, నేటికీ పరిశోధకులకు మేతగా ఉన్నవి. శరీరం క్షీణించినా మనస్సు వెలిగిందని మనం పొంగిపోతాము. ఆ మాట నిజమే. కాని ఆ అధిష్ఠానం మరి ముప్పది యేండ్లు నిలిచి ఉంటే ఏమయ్యేదన్న ప్రశ్న కూడా అడగాలి. ఒక మేధ దొరికిన తరువాత దానిని మోసే దేహాన్ని కాపాడుకొనలేకపోవడం లోకానికి కలిగిన నష్టం.

రెండవవారు మన తెలుగుబిడ్డ డాక్టర్ యల్లాప్రగడ సుబ్బారావు. 1895లో భీమవరంలో జన్మించారు. మెట్రిక్యులేషన్ మూడవ ప్రయత్నంలో గాని గట్టెక్కలేదు. ఆధ్యాత్మిక చింతనతో రామకృష్ణ మఠం వైపు మనస్సు మొగ్గింది. తల్లి అందుకు సమ్మతించలేదు. సేవాదృష్టితోనే వైద్యవిద్యలో చేరారు. స్వాతంత్ర్యోద్యమ ప్రభావంతో ఖద్దరు ధరించి అధ్యాపకుని ఆగ్రహానికి గురై, ఎం.బి.బి.ఎస్. బదులు ఎల్.ఎం.ఎస్. పట్టాతో సరిపెట్టుకొనవలసి వచ్చింది. ఆ రోజులలోనే స్ప్రూ అనే జీర్ణకోశ వ్యాధి వారి ఇంటిని కబళించింది. ఇద్దరు సోదరులు స్వల్ప వ్యవధిలో మరణించారు. సుబ్బారావు గారికీ ఆ వ్యాధి సోకింది. ఆచంట లక్ష్మీపతి గారి ఆయుర్వేద చికిత్సతో కోలుకున్నారు.

చూడండి, దేహానికి కలిగిన బాధ మనస్సులో ప్రశ్నగా మారింది. ఆ ప్రశ్నకు సమాధానం వెదకగల పరిసరం కావాలి. మామగారి సహాయం, కాకినాడలోని మల్లాడి సత్యలింగ నాయకర్ ధర్మసంస్థ సహాయం తోడై ఆయన అమెరికా చేరారు. ఆసుపత్రిలో రాత్రి వేళ కూలిపని చేస్తూ హార్వర్డ్‌లో చదివారు. ఫిస్కే అనే ఆచార్యునితో కలిసి రక్తంలోనూ మూత్రంలోనూ భాస్వరాన్ని కొలిచే పద్ధతిని 1925లో ప్రకటించారు. కండరాల శక్తికి మూలమైన ఫాస్ఫోక్రియాటిన్, ఎ.టి.పి. పరిశోధనలు అక్కడివే. అనంతరం లెడర్లీ పరిశోధనాలయంలో ఆయన నాయకత్వంలోని బృందం 1945లో ఫోలిక్ ఆమ్లాన్ని కృత్రిమంగా తయారుచేసింది. అది స్ప్రూ వ్యాధికి ఔషధమైంది. తన ఇంట రెండు దీపాలను ఆర్పిన వ్యాధిపై ఆయన సాధించిన విజయమది. బోదకాలుకు వాడే మందు, కేన్సరు చికిత్సలో తొలి ఔషధాలు కూడా ఆ పరిశోధనాలయ కృషి ఫలితాలే. 1948లో ఆయన కన్నుమూశారు.

కథ అక్కడితో ముగియలేదు. గర్భధారణకు ముందునుంచి తల్లి ఫోలిక్ ఆమ్లం తీసుకుంటే బిడ్డ మెదడు, వెన్నుపాములలో వచ్చే పుట్టుకలోపాలు చాలావరకు నివారింపబడతాయని 1991లో వెలువడిన బ్రిటిష్ పరిశోధన నిరూపించింది. నేడు మన ఊరి ఆరోగ్య కేంద్రంలో గర్భవతులకు ఇచ్చే మాత్రలలో ఐరన్‌తోపాటు ఉండేది ఈ ఫోలిక్ ఆమ్లమే. భీమవరంలో పుట్టిన ఒక మనిషి వేదన, కాకినాడ దాతల ధనం, అమెరికా ప్రయోగశాల, ఈ మూడూ కలిసి నేడు పుట్టబోయే బిడ్డ మెదడుకు రక్షణగా నిలిచాయి.

ఇక్కడ మీలో కొందరికి ఒక ఆక్షేపణ తోచవచ్చు. “పరిసరం అంత ముఖ్యమైతే భద్రాచల రామదాసు మాటేమిటి? గోలకొండ చెరసాలలో పన్నెండేళ్లు మ్రగ్గాడని సంప్రదాయం చెబుతున్నది కదా! ఆ చీకటిలోనుంచే కదా ఆ కీర్తనలు వెలువడినవి?” ఆక్షేపణ సమంజసమైనదే. మనస్సు పరిసరానికి పూర్తిగా బానిస కాదు. లోపల ఒక కోవెల కట్టుకున్నవానికి రాతిగోడలు అడ్డుకావు. అయితే రామదాసు ఆ కోవెలను చెరసాలలో మొదలుపెట్టలేదు. అంతకు ముందే భద్రగిరిపై కట్టిన గుడిని, చేసిన సేవను, పలికిన నామాన్ని తనతో లోపలికి తీసుకొనిపోయాడు. మంచి రోజులలో మనస్సుకు అలవడినదే చెడ్డ రోజులలో అక్కరకు వచ్చింది. మరొక మాట. మహాపురుషుడు కష్టాన్ని గెలిచాడు గనుక సామాన్యులను కష్టంలో విడిచిపెట్టవచ్చునని అనుకోవడం భక్తి కాదు, నిర్దయ. రామదాసు కథ మన ధైర్యానికి ఆదర్శం. ఎదుటివాని లేమికి అది సమర్థన కారాదు.

సాధించినది నిలిచి ఉండడానికి కూడా పరిసరమే కావాలి. తాళ్లపాక అన్నమాచార్యులవారు 32 వేల సంకీర్తనలు రచించారని సంప్రదాయం. కుమారులు పెదతిరుమలాచార్యుల కాలంలో వాటిని రాగిరేకులపై చెక్కించి తిరుమల ఆలయంలోని సంకీర్తన భాండాగారంలో భద్రపరచారు. శతాబ్దాలు గడచిన పిమ్మట, ఇరువదవ శతాబ్దిలో అవి వెలుగుచూచి, పండితుల పరిష్కరణతో ప్రజల గొంతులలోకి వచ్చినవి. నేడు మనకు లభించినవి చెప్పిన సంఖ్యలో సగానికి తక్కువే. రాగిరేకులు, రాతి అర, ఆలయ రక్షణ లేకుంటే ఆ కొన్ని అయినా దక్కేవా? గుడి అంటే పూజ జరిగే చోటు మాత్రమే కాదు. ఒక జాతి ఆలోచనను కాచి ఉంచే ఇల్లు.

భక్త మహాశయులారా! ఇంతవరకు చెప్పినదంతా ఈ రాతిమెట్ల దగ్గరకు వచ్చి నిలుస్తున్నది. గోపురానికి రంగులు వేశాము. మండపానికి కొత్త స్తంభాలు నిలిపాము. ఈ గుడి చుట్టూ ఉన్న మనుషుల దేహానికి, మనస్సుకు, పరిసరానికి ఈ గుడి ఏమి చేయబోతున్నది? ఈ ప్రశ్నకు సమాధానం లేకుంటే మనం కట్టినది కట్టడమే అవుతుంది.

మొదటిది అన్నం. కోనసీమ గన్నవరంలో డొక్కా సీతమ్మ గారు వేళాపాళా చూడక వచ్చినవారికి వచ్చినట్లు అన్నం పెట్టి 1909లో దివంగతులయ్యారు. శతాబ్దం దాటిన తరువాత, 2024లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం బడి మధ్యాహ్న భోజన పథకానికి ఆ తల్లి పేరు పెట్టింది. తిరుమలలో 1985లో ప్రారంభమైన నిత్యాన్నదానం నేటికీ సాగుతున్నది. మన శక్తి చిన్నది. అయినా ప్రతిష్ఠ జరిగిన రోజున వేలమందికి పెట్టే విస్తరితో సరిపెట్టక, ప్రతిదినం ఉదయం బడికి వెళ్లే పిల్లలు పదిమందికి వేడి ఉప్మాయో, పొంగలో పెట్టగలిగితే ఉద్దాలక మహర్షి ఆనందిస్తాడు.

రెండవది నిశ్శబ్దం. ఇది చెప్పడం కొంచెం కష్టమే అయినా చెప్పక తప్పదు. రాత్రి 10 గంటలనుంచి ఉదయం 6 గంటలవరకు ఆరుబయట లౌడ్‌స్పీకర్లు వాడరాదని 2000లో వచ్చిన శబ్దకాలుష్య నియమాలు చెబుతున్నవి. చట్టం సంగతి అటుంచండి. భగవంతునికి మన పిలుపు వినబడడానికి మైకు అవసరమా? ప్రక్క వీధిలో పదవ తరగతి పరీక్షకు చదువుకునే అమ్మాయికి, రాత్రంతా దగ్గి తెల్లవారుజామున కన్ను మూసిన వృద్ధునికి మన సుప్రభాతం ఇబ్బంది కారాదు. గర్భాలయంలో గంట మ్రోగితే అది మనస్సును లోపలికి పిలవాలి.

మూడవది శుచి, నాలుగవది విద్య. కోనేటిలో ప్లాస్టిక్ సంచులు, ప్రాకారం మూలన ఎంగిలి విస్తళ్లు ఉన్నచోట మనస్సు నిలవదు. ఉత్సవాలు లేని రోజులలో మండపం తాళం వేసి ఉండనక్కరలేదు. సాయంకాలం రెండు గంటలు దీపం, ఫాను, చాప, కొన్ని పుస్తకాలు ఉంటే ఇంట్లో చోటులేని పిల్లలు వచ్చి చదువుకుంటారు. రామానుజన్‌కు ఒక పుస్తకం చేతికందడం ఎంత పని చేసిందో విన్నారు కదా! ఏ పిల్లవాని చేతికి ఏ పుస్తకం అందవలసి ఉన్నదో మనకు తెలియదు. అందుబాటులో ఉంచడమే మన వంతు.

చివరిగా దాతలకు ఒక విన్నపం. గీతలో ఆ అయిదు హేతువులు చెప్పిన తరువాత భగవానుడు మరొక మాట అన్నాడు. ఇన్ని కారణాలు ఉండగా తానొక్కడే కర్తనని తలచేవాడు సరిగా చూడలేనివాడని దాని భావం. ఈ సంచికలో మీ పేర్లు ముద్రింపబడుతున్నవి. చలువరాతిపై కూడా చెక్కబడతాయి. అది ఉచితమే, ఆ పేర్లు చూచి మరి కొందరు ముందుకు వస్తారు. అయితే ఎండలో రాయి చెక్కిన శిల్పి చేతులకు, ఇసుక మోసిన తల్లి నడుముకు, అయిదు రూపాయలు హుండీలో వేసి పేరు చెప్పకుండా వెళ్లిన అవ్వకు ఏ పలకపైనా చోటు లేదు. వారే ఈ ఆలయానికి అధిష్ఠానం. ఆ పలక ముందు నిలిచినప్పుడు మీ పేరు చదువుకొని, ఆ క్రింద చెక్కని పేర్లను కూడా ఒక్క క్షణం తలచుకొనండి.

ఈ ఆలయ ఛాయలో పెరిగే పిల్లలకు దేహదారుఢ్యం, మనశ్శాంతి, మంచి పరిసరం లభించుగాక. వారి బుద్ధి వికసించి, వారు సాధించేది లోకానికి ఉపకరించుగాక. అందుకు కావలసిన శక్తిని, సద్బుద్ధిని ఆ స్వామి మనందరికీ ప్రసాదించుగాక.

స్వస్తి.